మా మేనేజరు సారును పొగిడిన సీజను

డిగ్రీ పాసై, ఆర్నెల్ల కంప్యూటర్ కోర్సు చేసి, ఆ సర్టిఫికెట్టుకు ప్లాస్టిక్ కవరు గూడా వేయించుకోని, ఆఖరికి మామిడికాయలు కోసే పనికి పోయినాను. చిత్తూరు చుట్టుపక్కల ఇది వింతేమీ కాదు. ఎండాకాలం వస్తే మా పక్క గుజ్జు ఫ్యాక్టరీలన్నీ ఒక్కసారి నిద్రలేస్తాయి. తోతాపురి కాయల ట్రాక్టర్లు గేటు ముందర బారు కడతాయి. అప్పుడు వాళ్లకు చేతులు కావాల. చదివిన చేతులా, చదవని చేతులా అని ఎవురూ అడగరు. పది వేళ్లు సరిగ్గా ఉండాయా అని చూస్తారు, అంతే.

నేను చెప్పేది రెండువేల ఏడు, ఎనిమిది ప్రాంతం మాట. అప్పటికి అందరి చేతుల్లోకీ సెల్‌ఫోన్లు రాలేదుగానీ, వచ్చినోళ్లు మాత్రం చేతిలోంచి దించేవాళ్లు కాదు.

మా పని చెప్పడానికి సులువు. మాగిన కాయ నీళ్లలో మునిగి, బెల్టు మీద మా కోత బల్ల ముందరికి వస్తుంది. కత్తితో తొడిమ పక్క ముక్క కోసి, మచ్చ ఉంటే చెక్కి, కుళ్లిందాన్ని పక్కన పారేసి, బాగున్నదాన్ని మళ్లా బెల్టు మీదికి వదలాల. పొద్దున ఎనిమిదికి నిలబడితే సాయంత్రం ఐదున్నర దాకా అదే. సొన పడిపడి వేళ్ల సందుల్లో పుండ్లు లేస్తాయి. చేతికి తొడుగులు లేవని అబద్ధం చెప్పను. ఉండేవి. పెద్ద పెట్టెనిండా స్టోరు రూములో ఉండేవి. ఎవురన్నా పెద్దోళ్లు ఫ్యాక్టరీ చూడ్డానికి వచ్చే రోజు మాకు తొడిగించి, వాళ్ల కారు గేటు దాటంగానే విప్పించుకోని, కడిగి, నీడలో ఆరబెట్టి, మళ్లా పెట్టెలో పెట్టేవాళ్లు. మా చేతులు ఎండలో ఆరినా అడిగే దిక్కు లేదు.

నా పక్కన నిలబడే ఆమెను అందరూ పెద్దక్క అనేవాళ్లు. యాభై ఏండ్లుంటాయి. గుడిపాల అవతల, రోడ్డు దాటితే తమిళమయ్యే పల్లె ఆమెది. పదిహేను సీజన్లు కోసిన చెయ్యి. నేను ఒక కాయ కోసేలోపల మూడు కోసేది, నాలుగోది నా కుప్పలోనుంచి తీసుకోని కోసేది. అక్షరం ముక్క రాదు. "సంతకం పెట్టాలంటే బొటనవేలు ఉండాది, దానికింకా పుండు లెయ్యలా" అనేది.

ఇంగ బాత్రూము సంగతి చెప్పాల, ఎందుకంటే కథంతా దానిదే.

మా ఫ్యాక్టరీలో బాత్రూములు మూడు. రెండు ఆఫీసు పక్కన, పలకరాళ్లు పరిచి, లోపల అద్దం గూడా పెట్టి, తలుపు మీద అతిథులకు మాత్రమే అని బోర్డు రాసిపెట్టినారు. అతిథులు సీజన్లో రెండుసార్లు వస్తే గొప్ప. మూడోది బాయిలరు వెనకాల. అరవైమంది ఆడోళ్లకు అదొక్కటే. దానికి తాళం. తాళంచెవి సూపర్వైజరు మొలతాడుకు వేలాడతా ఉండేది. ఒక గుజ్జు డబ్బా మూతకు బొక్కేసి దారం కట్టి పెట్టినారు. ఆ మూత మెళ్లో వేసుకున్న మనిషే పోవాల, తాళంచెవి తీసుకోవాల, వచ్చి మూతను ఇంకొకరి మెళ్లో వెయ్యాల. చూసేదానికి స్వయంవరం మాదిరి ఉండేది. ఐదు నిమిషాలు దాటితే సూపర్వైజరు "ఏమ్మా, ఆడే కాపురం పెట్టినావా?" అని అరిచేవాడు. మనిషి చెడ్డోడు కాదు. ఎవురో ఆయనమీద అరిచి ఉంటారు, ఆ అరుపును మాదాకా మోసుకొచ్చేవాడు.

ఇంతమందిలో వంతు యాడ వస్తుంది? అందుకని మేము నీళ్లు తాగడం మానుకున్నాము. పొద్దున ఇంట్లో రెండు గుక్కలు, మళ్లా సాయంత్రం ఇంటికి పోయినాకే చెంబు ఎత్తేది. మే నెల్లో, బాయిలరు పక్కన.

ఆ సీజను మొదట్లోనే మాకు కొత్త మేనేజరు వచ్చినాడు. ఉత్తరాది మనిషి. చిన్న వయసు, ఇస్త్రీ చొక్కా, నవ్వుమొహం. తెలుగు నాలుగు ముక్కలు నేర్చుకోని వచ్చి, ఆ నాలుగింటినీ తిప్పితిప్పి వాడేవాడు. మిగతాదంతా ఇంగ్లీషులోనే, నేను ఈడ తెలుగు చేసి చెప్తా ఉండాను. మొదటిరోజే మా అందరినీ క్యాంటీన్లో నిలబెట్టి చెప్పినాడు.

"ఇది ఫ్యాక్టరీ కాదు. ఇది ఫ్యామిలీ. మనం అందరం ఒకే ఫ్యామిలీ."

పెద్దక్క నా చెవిలో అడిగింది, "ఈ కుటుంబంలో మనమెవురంట? కోడండ్లమా, పాలేర్లమా?"

ఆయనకొక ఆలోచన ఉండేది. విదేశాల్లో గుజ్జు కొనేవాళ్లు ఇప్పుడు గుజ్జొక్కటే చూడరంట, దాని వెనకాల ఉండే మనుషులు సంతోషంగా ఉండారా అని గూడా చూస్తారంట. ఆ రోజుల్లో స్నేహితులను కలుపుకునే సైటొకటి ఉండేది. ఇప్పుడది మూతబడిపోయింది. దాంట్లో ఫోటో పెట్టుకోవచ్చు, ఒకరి పేజీలో ఒకరు రాసుకోవచ్చు, ఒకరికొకరు 'ఫ్యాన్' కావొచ్చు. సారు దాంట్లో ఫ్యాక్టరీ పేరుతో ఒక గుంపు పెట్టి, దానికి ఫ్యామిలీ అని తోక తగిలించినాడు. మేమందరం అందులో చేరాల, నవ్వాల. నాకు కంప్యూటర్ వస్తుందని ఎవురు చెప్పినారో ఏమో, నన్ను ఆఫీసుకు పిలిపించినాడు.

"నీకు కంప్యూటర్ వచ్చునా?"

"వస్తుంది సార్."

"మరి కత్తి ఎందుకు పట్టుకున్నావు?"

ఈ ప్రశ్నకు జవాబు నాకు డిగ్రీలో గూడా ఎవురూ చెప్పలేదు.

రెండు మధ్యాహ్నాలు ఆఫీసులో ఏసీ కింద కూచోని నలభైమందికి పైగా ఆడోళ్లకు ఖాతాలు తెరిచినాను. అందరికీ ఒకటే పాస్‌వర్డు, మామిడికాయ. ఫోటో పెట్టడానికి కొంతమంది సిగ్గుపడినారు. వాళ్లకు దేవుడి పటాలు పెట్టినాను. పెద్దక్క మాత్రం "నా మొహం ఎందుకు, మా ఆవుది పెట్టు, అది బాగుంటుంది" అనింది. ఆమె కొడుకు సెల్‌ఫోన్లో ఆవు ఫోటో ఉండాది. పెట్టినాను. మేనేజరు సారు చూసి "నైస్, నేచురల్" అన్నాడు.

అన్నీ బాగానే ఉండాయనుకున్న వారంలో, మా బల్లలో ఐదోనెల కడుపుతో ఉన్న పిల్ల బెల్టు కాడ పడిపోయింది. యాదమరి పక్క పల్లె పిల్ల. రెండురోజులుగా జొరముంది, చెప్పుకోలేదు. ఆటోలో వేసుకోని ఆస్పత్రికి పోయినాము. డాక్టరమ్మ చూసి, ఒంటికి వచ్చినా ఆపుకోని ఆపుకోని లోపల చీము పట్టిందని చెప్పింది. "నీళ్లు తాగరా మీరు? వచ్చినప్పుడు పోవడానికేం?" అని మమ్మల్ని తిట్టింది. ఆ పిల్ల బతికి బయటపడింది, కడుపూ నిలిచింది. పది దినాలకు మళ్లా బెల్టు కాడికి వచ్చింది. రాకపోతే ఆమె చోటు ఇంకొకరికి పోతుంది గదా.

మొదట మేము చెయ్యవలసినవన్నీ వరసగా చేసినాము. క్యాంటీన్ గోడకు సలహాల పెట్టె ఉండాది. దాని తాళంచెవి ఇద్దరు మేనేజర్ల కిందటే పోయింది. చీటీలు నిండి, ఇంకొక్కటి దూర్చడానికి సందు లేదు, పైన కందిరీగ గూడు పెట్టింది. తర్వాత కార్మిక నాయకుని కాడికి పోయినాము. తెల్లచొక్కా, ఎర్రకండువా. ఏటా సీజను మొదలయ్యే పూజకు తప్పకుండా వస్తాడు, ఇంగెప్పుడూ రాడు. అంతా విని, కండువా సర్దుకోని చెప్పినాడు:

"అమ్మా, మీరు తాత్కాలికం. మీ సమస్యా తాత్కాలికమే. సీజనైపోతే అదే పోతుంది."

సరేనని ఒకరోజు సాయంత్రం బస్టాండు కాడ ఇంటర్నెట్ సెంటరుకు పోయి, ఆ ఫ్యామిలీ పేజీలో నేనే రాసినాను. తెలుగు మాటల్ని ఇంగ్లీషు అక్షరాల్లో కొట్టేవాళ్లం అప్పుడు. "సార్, మా బాత్రూముకు తాళం తీయించండి, ఒక మనిషి ఆస్పత్రి పాలైంది" అని. ఆఫీసులో ఎవురో సారుకు చదివి చెప్పినట్టుండాది, మరుసటి రోజు పొద్దున పదికి ఆ మాట పేజీలో లేదు. పదీ ఐదుకు నేను ఆఫీసులో ఉండాను.

మేనేజరు సారు కోప్పడలేదు. అదే నాకు ఇబ్బందైంది. నొచ్చుకున్నట్టు మొహం పెట్టినాడు.

"ఇంట్లో గొడవలు వీధిలో చెప్పుకుంటామా?"

ఇంట్లో వినేవాళ్లుంటే వీధికెందుకు పోతామని నోటిదాకా వచ్చింది.

"ఇకమీదట ఓన్లీ పాజిటివ్" అన్నాడు. ఆ మాట కాగితం మీద కొట్టించి నోటీసు బోర్డులో అంటించినాడు గూడా.

నేను బెల్టు కాడికి తిరిగొస్తే పెద్దక్క అడిగింది.

"ఏమన్నాడు?"

"పాజిటివే రాయాలంట."

"అంటే?"

"మంచి మాటలు. పొగడాలంట, పెద్దక్కా."

ఆమె ఆరు కాయలు కోసింది. నేను లెక్కపెట్టినాను.

"మా అత్తను ముప్పై ఏండ్లు పొగిడినాను" అనింది తర్వాత. "ఈయనను పొగడలేనా?"

ఆదివారం ఐదుమందిమి ఇంటర్నెట్ సెంటరుకు పోయినాము. రిటైరైన ఇస్కూలు అయ్యవారు ఒకాయన నడిపేవాడు దాన్ని. చెక్కపలకలతో కట్టిన గూళ్లలో కంప్యూటర్లు. "ఒక దాని ముందర ఒక్కరే కూచోవాల" అన్నాడాయన. "మేం నిలబడేవాళ్లం సామీ, కుర్చీలు మాకలవాటు లేదు" అని పెద్దక్క లోపలికి దూరింది.

"రాయి పిల్లా. మా మేనేజరు సారు దేవుడు."

"దేవుడంటే మరీ జాస్తి అవుతుందేమో పెద్దక్కా."

"దేవుడు గాబట్టే అడిగింది ఇయ్యడు. రాయి."

రాసినాను. ఆమె చెప్పింది చెప్పినట్టే రాసినాను, ఇప్పటికీ నాకు నోటికి వస్తుంది. "మా సారుకు మామీద ఎంత ప్రేమంటే, అరవైమంది ఆడోళ్లకు ఒకటంటే ఒకటే బాత్రూమిచ్చి, అది యాడ అరిగిపోతుందోనని తాళం వేయించి, తాళంచెవి యాడ పోతుందోనని మొగోని మొలతాడుకు కట్టించినాడు. ఇంత జాగ్రత్త కన్నతల్లి గూడా పడదు."

వెనకనుంచి ఇంకొకామె అందుకునింది. "పొద్దంతా నీళ్లు తాగకుండా ఉండేది సారే మాకు నేర్పించినాడు. ఇప్పుడు మాకు శివరాత్రి, ఏకాదశి ఒక లెక్కే కాదు. ఆ పుణ్యమంతా సారుకే."

"తొడుగులు మాసిపోతాయని పెట్టెలో పెట్టి, మా చేతులు ఎటూ మాసినవే గదా అని వదిలేసిన పొదుపరి మా సారు."

నవ్వి నవ్వి మాకు కండ్లనీళ్లు వచ్చినాయి. అయ్యవారు గూటిపైనుంచి తొంగిచూసి, చదివి, పోయి ఫ్యాను మా దిక్కు తిప్పినాడు.

కడుపుతో ఉన్న పిల్ల గూడా మాతో వచ్చింది. గోడకానుకోని నిలబడి ఉండేది. "నాది నేను చెప్తా" అనింది. మేము నవ్వు ఆపినాము. "నేను పడిపోయిన దినం సారు బెల్టు ఆపించలేదు. ఆపితే మిగతా ఆడోళ్లకు పొద్దుపోదని. నేను లేచి కూచునేసరికి నా కాయలు పక్కామె కోస్తా ఉండింది. ఆ పక్కామెకు దణ్ణం. సారుకు గూడా దణ్ణం." అంతే చెప్పి ముక్కు తుడుచుకునింది. ఆ పక్కామె నేనే. కొట్టేటప్పుడు నా వేళ్లకు అక్షరాలు దొరకలేదు.

తలా ఒక పేరుతో అన్నీ పెట్టి, ఐదుమందిమీ సారుకు ఫ్యాన్లయి ఇంటికొచ్చినాము.

సోమవారం పొద్దున నేను ఫ్యాక్టరీకి పోయినాను. పోతే ఏముంది, నోటీసు బోర్డు చుట్టూ జనం. మేనేజరు సారు మా పొగడ్తలను రంగుల్లో ప్రింటు తీయించి అంటించినాడు! దేవుడు, ప్రేమ, కన్నతల్లి, పుణ్యం — ఆయనకు తెలిసిన తెలుగు మాటలన్నీ అందులో ఉండాయి. మిగతావాటిని ఆయన పట్టించుకోలేదు. అనుమానానికి సూపర్వైజరును పిలిచి చదివించినాడంట. ఆయన చదివి, చెమటలు తుడుచుకోని, "అంతా పొగడ్తే సార్" అన్నాడంట. అబద్ధం చెప్పినాడని ఎవురూ అనలేరు.

మధ్యాహ్నం ఆ సూపర్వైజరు మా బల్ల కాడికి వచ్చినాడు.

"అక్కా, నన్ను చంపుతారా యేమి?"

"నీ పేరు యాడన్నా రాసినామా నాయనా?"

"మొలతాడు అని రాసినారు గదక్కా!"

"ఈ లోకంలో నీకొక్కనికే ఉండాదా మొలతాడు?" అని పెద్దక్క కాయ కోసుకుంటా ఉండిపోయింది.

ఆ వారం సారు కెమెరా తెచ్చుకోని నవ్వుమొహాలు తీస్తా తిరిగినాడు. పెద్దక్క ఆయన్ను పిలిచింది. "సారూ, ఈడ చీకటి. ఆ బాయిలరు వెనకాల బొప్పాయి చెట్టుండాది, పచ్చగా. ఆడ తీయండి." అట్లా పన్నెండుమంది ఆడోళ్లం తాళమేసిన బాత్రూము తలుపు ముందర, చెట్టు పక్కన నిలబడి నవ్వినాము. సారే ఫోటో తీసినాడు, సారే పేజీలో పెట్టినాడు. కింద మేము రాసినాము: "మా సారు భద్రంగా కాపాడతా ఉండే మా ఇంటి మహాలక్ష్మి."

ఆ ఫోటో యాడికి పోయిందో, ఎట్లా పోయిందో నాకు తెలియదు. వారం తిరిగేసరికి మాకు తెలియని మనుషులు ఆ గుంపులో చేరడం మొదలైంది. పుత్తూరు పక్క నూలు మిల్లులో పనిచేసే ఆమె ఒకతె రాసింది: "మీ సారు కంటే మా సారు గొప్ప. మాకాడ బాత్రూముకు తాళం లేదు, ఎందుకంటే తలుపే లేదు." పలమనేరు పాల డైరీ అతనొకడు, తమ సారు ఎంత దయగలవాడో, చలికాలంలో ఐసు గదిలో పనిచేసేవాళ్లకు ఒకే స్వెట్టరును వంతులేసి ఇస్తాడని రాసినాడు. తిరుపతి దిక్కునుంచి మూడు నాలుగు ఫ్యాక్టరీలవాళ్లు వచ్చినారు. ఎవురి సారును వాళ్లు పొగడడమే. ఆదివారం ఆదివారం ఇంటర్నెట్ సెంటర్లో నేను చదువుతా ఉంటే, పెద్దక్క నేలమీద కూచోని వింటా, "అయ్యో, ఆ స్వెట్టరాయన్ను అడుగు, దగ్గు తగ్గిందా అని" అనేది. ఇన్ని ఊర్లలో ఇంతమంది మాలాగే ఉండారని నాకు అంతవరకు తెలియదు. నా బాధ నా బల్లది మాత్రమే అనుకుంటా ఉంటిని.

సారు సంతోషానికి హద్దు లేదు. గుంపు రోజురోజుకూ పెరగతా ఉండాది గదా. హెడ్డాఫీసువాళ్లు మెచ్చుకున్నారంట. ఆ ఆనందంలో మాకందరికీ మైసూరుపాకు పంచినాడు. ఒక్కొక్కరికి అర ముక్క.

జూన్‌లో కొనేవాళ్ల తరఫున మనుషులు వచ్చినారు. ఒక దొరసాని, ఒక దొర, వాళ్లకు మాటలు తర్జుమా చెయ్యడానికి ఒక తెలుగు పిల్ల. గూడూరు పిల్లంట. మాకు తొడుగులు తొడిగించినారు. క్యాంటీన్లో గోడకు తెల్లదుప్పటి కట్టి, సారు మా పేజీని దానిమీద పెద్దదిగా చూపించినాడు. "చూడండి, మా ఫ్యామిలీ మమ్మల్ని ఎంత ప్రేమిస్తారో" అని ఆ పిల్లతో అన్నాడు. "మీరే చదవండి ప్లీజ్."

ఆ పిల్ల మా దిక్కు ఒకతూరి చూసింది. ముందే ఇదంతా చదువుకోని వచ్చిందేమోనని నాకు అప్పుడు అనుమానం వచ్చింది. మొదట తెలుగులో చదివింది, తర్వాత ఇంగ్లీషులో చెప్పింది. నింపాదిగా, ఒక్క మాట వదలకుండా. దేవుడు అన్నప్పుడు సారు నవ్వతా ఉండినాడు. కన్నతల్లి అన్నప్పుడూ నవ్వతానే ఉండినాడు. కానీ ఇంగ్లీషులో ఆ తాళం, ఆ మొలతాడు వినబడేసరికి నవ్వు మొహంమీద అట్లే ఉండింది, కండ్లు మాత్రం అందులోంచి ఎళ్లిపోయినాయి. ఐదోనెల పిల్ల రాయించింది గూడా చదివింది.

దొరసాని ఏదో అడిగింది.

"ఆ తాళంచెవి ఎవరి దగ్గర ఉందని అడుగుతున్నారు" అని గూడూరు పిల్ల మాకు చెప్పింది.

మాలో ఎవురూ సూపర్వైజరు దిక్కు చూడలేదు. చూడకుండా ఉండడం శానా కష్టమైంది. ఆయనే లేచి నిలబడినాడు. చొక్కా పైకెత్తి, మొలతాడుకున్న తాళంచెవిని ఇప్పడానికి చూస్తే ముడి రాలేదు. అందరి ముందరా ఆ ముడితో కుస్తీ పట్టినాడు, పాపం. పెద్దక్క పోయి తన కోత కత్తితో దారం తెంచిచ్చింది.

దొరసాని ఆ తాళంచెవి తీసుకోని బాయిలరు వెనక్కి పోయింది. ఎంతోసేపు పట్టలేదు. ముక్కుకు రుమాలు పెట్టుకోని తిరిగొచ్చి ఒకటే మాట అనింది. ఆ మాటను మాత్రం గూడూరు పిల్ల మాకు చెప్పలేదు.

ఆ సాయంత్రం సారు నన్ను పిలిపించినాడు. ఉద్యోగం పోయిందనుకునే పోయినాను. ఆయన కుర్చీలో కాదు, కిటికీ కాడ నిలబడి ఉండినాడు.

"నువ్వు నన్ను మోసం చేశావు."

"అంతా పాజిటివే గదా సార్" అన్నాను. ఎట్లా వచ్చిందో ఆ ధైర్యం.

"నేను నమ్మాను" అన్నాడు. "మా అమ్మకు కూడా ప్రింటు పంపాను."

దానికి నేను సిద్ధంగా లేను. రెండు దినాలు నాకు అన్నం సయించలేదు. పెద్దక్కకు చెప్తే, "వాళ్లమ్మకు తెలుగు రాదు గదా, మంచిదేలే" అనింది.

వారంలోపల తాళం పోయింది. అతిథుల బాత్రూములు రెండూ మాకు తెరిచినారు. తొడుగులు రోజూ ఇచ్చినారు. బెల్టు చివర నీళ్ల కుండ పెట్టినారు. కార్మిక నాయకుడు ప్రత్యక్షమైనాడు. 'అలుపెరగని పోరాట ఫలితం' అని తన నిలువెత్తు ఫ్లెక్సీ గేటుకు కట్టించి, బాత్రూము తలుపుకు రిబ్బను కట్టించి, కత్తెర పట్టుకోని ఉపన్యాసం మొదలుపెట్టినాడు. శ్రమశక్తి అన్నాడు, చరిత్ర అన్నాడు. ఆయన వెనకాల పదిమంది ఆడోళ్లు ఒక కాలు మీద నిలబడి ఉండారు. "నాయనా, ముందు కత్తిరించు, చరిత్ర తర్వాత చెప్దువు" అని ఎవురో అరిచినారు.

మేనేజరు సారును పూణేకు మార్చినారు. ప్రమోషన్ మీదే. మనుషుల్ని ఒక్కతాటి మీద నడపడంలో ఆయనకు మంచి అనుభవముందని హెడ్డాఫీసు అనుకున్నట్టుంది. పోతాపోతా ఆ పేజీని తీసేసినాడు.

తప్పంతా సూపర్వైజరు మీద పడింది. ఆయన్ను ఖాళీ టిన్నుల గోడౌనుకు వేసినారు. ఒక ఆదివారం ఇంటర్నెట్ సెంటరు మెట్లెక్కి మాకాడికి వచ్చినాడు. చేతులు కట్టుకోని నిలబడినాడు.

"అక్కా, నా గురించి గూడా రవ్వంత పొగడండి."

మేమెవురమూ నవ్వలేదు. పుత్తూరు మిల్లు ఆమె అప్పటికే సొంతంగా ఇంకొక గుంపు తెరిచి, మమ్మల్నందరినీ చేర్చుకునింది. దాంట్లో పెద్దక్క ఆయన గురించి చెప్పి రాయించింది. ఈసారి వంకర మాట ఒక్కటీ లేదు. "తాళం వెయ్యమంటే వేసినాడు. అడిగితే, నా కాడే ఉండాదని లేచి చెప్పినాడు. లేచినోడు ఆయనొక్కడే." అది విని ఆయన కండ్లొత్తుకోని, అయ్యవారి కాడ మా గంట పైకం తానే కడతానని పట్టుబట్టినాడు. ఆ రాత వల్ల ఆయనకు ఒరిగిందేమీ లేదు. మరుసటి ఏడు వేరే ఫ్యాక్టరీలో చేరినాడని విన్నాము.

మళ్లా సీజను వచ్చింది. గేటు కాడ గుమాస్తా మేజా వేసుకోని, ఒక్కొక్కరి చేత ఒక కాగితం మీద వేలిముద్ర పెట్టించుకుంటా ఉండాడు. పెద్దక్క ఆ కాగితాన్ని నాకిచ్చి చదవమనింది. కంపెనీ గురించి ఇంటర్నెట్టులో మంచిగానీ చెడుగానీ రాయను అని ఉండాది.

"మంచి గూడా రాయకూడదా అబ్బోడా?" అని అడిగింది గుమాస్తాను.

గుమాస్తా అటూ ఇటూ చూసి గొంతు తగ్గించినాడు. "చెడ్డ రాస్తే వాళ్లు చూసుకుంటారంట పెద్దమ్మా. మంచి మాత్రం అస్సలు రాయకూడదంట."

నా పేరు లిస్టులో లేదు. గుమాస్తా మూడుసార్లు వెతికినట్టు నటించినాడు, అది ఆయన మంచితనం. పెద్దక్క వేలిముద్ర పెట్టకుండా ఆడే నిలబడిపోయింది. "ఈ పిల్ల రాకుంటే నేనూ పోను" అనబోతుందని నాకు తెలిసిపోయింది. ఆమె కొడుకుకు అప్పుడే పెండ్లి కుదిరి ఉండాది. నేనే ఆమె చెయ్యి పట్టుకోని సిరాలో ముంచినాను. ఆమె నన్ను తిట్టింది. తమిళంలో తిట్టింది, నాకు సగమే అర్థమయింది.

ఆ నెలలోనే తిరుపతిలో ఒక కంప్యూటర్ సెంటర్లో నేర్పించే పని దొరికింది. పెద్దక్కకు కొడుకు పాత సెల్‌ఫోను ఇచ్చినాడు. మధ్యాహ్నం భోజనం బెల్లు కాంగానే నాకు మిస్డ్ కాల్ ఇచ్చేది, నేను తిరిగి చేసేదాన్ని. కొత్త మేనేజరు ఎట్లాంటోడో, కాయ ఎట్లా వస్తా ఉండాదో చెప్పేది. యాదమరి పిల్లకు ఆడబిడ్డ పుట్టిందని, ఆ బిడ్డను తీసుకోని ఈ సీజనుకు వచ్చిందని, పసిబిడ్డను యాడ పడుకోబెట్టాలనేది ఇప్పుడు మాట్లాడుకుంటా ఉండారని చెప్పింది.

"పుత్తూరామెను అడుగు పిల్లా, వాళ్ల మిల్లులో బిడ్డల్ని యాడ పెడతారో" అనింది. ఆ సాయంత్రమే ఆమె గుంపులో ఆ ప్రశ్న రాసినాను.